మలుపులో టకటక అంటోందా? షాఫ్ట్ మార్చే ముందు రబ్బరు బూటు చూడండి

స్టీరింగ్ చివరిదాకా తిప్పి యూటర్న్ కొడుతుంటే ముందు చక్రం దగ్గర టక్ టక్ టక్ అని చప్పుడు వస్తోందని చెప్పండి, పది మందిలో తొమ్మిది మంది "యాక్సిల్ పోయింది, మార్చెయ్" అంటారు. యాక్సిల్ అన్నా డ్రైవ్ షాఫ్ట్ అన్నా ఒకటే, ఇంజిన్ బలాన్ని చక్రానికి చేర్చే కడ్డీ. చాలాసార్లు అది నిజమే. కానీ వీల్ బేరింగ్ పోయినా, ఇంజిన్ మౌంటింగ్ చిరిగినా, లోయర్ ఆర్మ్ బాల్ జాయింట్ వదులైనా సరే డ్రైవ్ షాఫ్టే మార్చేసి, బిల్లు చేతిలో పెట్టి, చప్పుడు మాత్రం కారులోనే వదిలేసి పంపించే షెడ్లు కూడా ఉన్నాయి. అందుకే ఇక్కడ సగం గోల జబ్బు ఏమిటో తేల్చుకోవడం గురించే. అది తేలాక, ఇంటి దగ్గరే మార్చుకోవడానికి కావాల్సింది ఓపిక, సరైన పనిముట్లు.

ఇది స్విఫ్ట్, వ్యాగన్ఆర్, ఐ10 లాంటి, ముందు చక్రాలతో లాగే మాన్యువల్ గేర్ల చిన్న కార్ల గురించి. ఓమ్ని, ఈకో, బొలెరో లాంటివి వెనక చక్రాలతో నడుస్తాయి, వాటి కింద పొడుగ్గా ప్రొపెల్లర్ షాఫ్ట్, దానికి యూజే క్రాస్‌లు ఉంటాయి, ఆ లెక్క వేరు. సీవీటీ ఆటోమేటిక్, ఎలక్ట్రిక్ కార్లయితే ఇంటి ముందు విప్పుకోవద్దని నా మాట.

ముందు అందులో ఏముందో కొంచెం తెలియాలి. గేర్‌బాక్స్ నుంచి ఒక్కో ముందు చక్రానికి ఒక్కో షాఫ్ట్ వెళ్తుంది. చక్రం వైపు ఉండే బయటి జాయింట్‌లో సాధారణంగా ఆరు ఉక్కు గోలీలు ఉంటాయి, అది 45 డిగ్రీల దాకా వంగినా తిరుగుడు ఎగుడుదిగుడు లేకుండా సాగుతుంది, అందుకే దాన్ని సీవీ, అంటే కాన్‌స్టెంట్ వెలాసిటీ (ఒకే వేగం) జాయింట్ అంటారు. గేర్‌బాక్స్ వైపు ఉండే లోపలి జాయింట్‌లో చిన్న కార్లకి ఎక్కువగా మూడు రోలర్లు ఉంటాయి. చక్రం గుంతలో పడి లేచినప్పుడల్లా షాఫ్ట్ పొడుగు కాస్త మారాలి కదా, ఆ లోపలికీ బయటికీ జరిగే పని దీనిది. రెంటి మీదా మడతలు మడతలుగా రబ్బరు బూటు, లోపల గ్రీజు. బూటు బాగున్నంత కాలం ఈ జాయింట్లు లక్ష కిలోమీటర్లు దాటినా మామూలుగా ఏమీ కావు. బూటు చిరిగిందా, గ్రీజు బయటికి చిమ్ముతుంది, నీళ్లూ ఇసుకా లోపలికి వెళ్తాయి, గోలీలు తిరిగే గాడులు అరగడం మొదలవుతుంది. అంటే షాఫ్ట్ చెడిపోయే కథ దాదాపు ఎప్పుడూ బూటు దగ్గరే మొదలవుతుంది.

మన దగ్గర బూట్లు ఊరికే వయసైపోయి చిరగడంతో పాటు ఇంకో కారణం ఉంది. పల్లెల్లో ఉలవలు, కందులు, కొర్రలు రోడ్డు మీద పరిచి బండ్లు తొక్కితే రాలేలా వదిలేస్తారు చూశారా, ఆ కట్టె వెళ్లి తిరుగుతున్న షాఫ్ట్‌కి తాడులా చుట్టుకుంటుంది. చుట్టుకుని చుట్టుకుని బిగిసి బూటుని కోస్తుంది, ఒక్కోసారి గేర్‌బాక్స్ ఆయిల్ సీల్ దాకా పోతుంది. అలాంటి రోడ్డు మీద వెళ్లొచ్చాక, ఇంజిన్ చల్లారనిచ్చి, కింద ఒకసారి టార్చ్ వేసి చూసి చుట్టుకున్నది కోసి తీసెయ్యండి. వేడి సైలెన్సర్ గొట్టానికి ఎండు కట్టె తగిలి ఉండడం కూడా మంచిది కాదు.

ఇక పరీక్ష. స్టీరింగ్ ఒక వైపు చివరిదాకా తిప్పి, బండి ఆపేసి, చక్రం వెనకాల లోపలికి టార్చ్ వేసి చూడండి. బయటి బూటు ఒక పక్క మడతలు విచ్చుకుని కనిపిస్తుంది. మడతల లోయల్లో సన్నటి పగుళ్లు ఉన్నాయా, క్లిప్ వదులైందా చూడండి. బూటు చిరిగి ఉంటే వెతుక్కోనక్కర్లేదు, రిమ్ము లోపలి వైపు, స్ట్రట్ (ముందు షాకబ్జార్బర్) కింది భాగం మీద, లోయర్ ఆర్మ్ మీద నల్లటి గ్రీజు చల్లినట్టు ఉంటుంది. ఆ చిరుగు దగ్గరి గ్రీజు కొంచెం వేలితో తీసి బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య రుద్దండి. మెత్తగా జారితే జాయింట్ ఇంకా బతికే ఉండొచ్చు. గరగరమని ఇసుక తగిలినా, వెలుతురులో చూస్తే సన్నటి లోహపు తళుకు కనిపించినా ఇక బూటు మార్చి లాభం లేదు.

తర్వాత ఖాళీ గ్రౌండ్‌కి వెళ్లండి. అద్దాలు దించి, ఫస్ట్ గేర్‌లో, స్టీరింగ్ పూర్తిగా ఎడమకి తిప్పి చిన్నగా యాక్సిలరేటర్ ఇస్తూ గుండ్రంగా తిరగండి, తర్వాత కుడికి, తర్వాత అదే రివర్స్‌లో. వేగం పెరిగే కొద్దీ టకటక కూడా దగ్గర దగ్గరగా వస్తే అది బయటి జాయింట్. మామూలుగా ఎడమకి తిరిగేటప్పుడు చప్పుడు వస్తే కుడి షాఫ్ట్, కుడికైతే ఎడమ షాఫ్ట్ అంటారు, కానీ దీన్నే పట్టుకుని పార్ట్ కొనెయ్యకండి. ఎవరినైనా దూరంగా బయట నిలబెట్టి ఏ చక్రం నుంచి వస్తోందో వినమనండి, లోపల కూర్చుంటే చెవి మోసం చేస్తుంది.

లోపలి జాయింట్ అరిగితే టకటక ఉండదు. ఎక్కువగా 60, 80 వేగంలో యాక్సిలరేటర్ తొక్కితే కారు ముందు భాగం మొత్తం ఊగినట్టు వణుకుతుంది, కాలు తీస్తే తగ్గిపోతుంది. ఈ తేడా బాగా గుర్తు పెట్టుకోండి, ఎందుకంటే కాలు తీసినా వణుకు అలాగే ఉంటే అది చాలా మటుకు చక్రాల బ్యాలెన్సింగో, టైరు ఉబ్బో. గుయ్య్ అని ఒకే రాగంలో మోత వస్తూ, నడుపుతూ స్టీరింగ్ కొంచెం అటూ ఇటూ తిప్పితే ఆ మోత పెరగడం తగ్గడం జరిగితే వీల్ బేరింగ్. గుంతల్లో, స్పీడ్ బ్రేకర్ల మీద తిన్నగా వెళ్తున్నప్పుడే కటుక్కుమంటే బాల్ జాయింటో, స్టెబిలైజర్ లింకో. క్లచ్ వదిలినప్పుడు, ఫస్ట్ నుంచి రివర్స్‌కి మార్చినప్పుడు ఒక్కసారి దబ్ అంటే లోపలి జాయింట్ కావచ్చు, ఇంజిన్ మౌంటింగ్ కూడా కావచ్చు, కాబట్టి ముందు బానెట్ ఎత్తి ఇంకొకరు క్లచ్ ఆడిస్తుంటే ఇంజిన్ ఎంత ఎగురుతోందో చూడండి, అది ఖర్చు లేని పరీక్ష.

చివరగా ముందు భాగం లేపి స్టాండ్ల మీద పెట్టి, న్యూట్రల్‌లో ఉంచి, షాఫ్ట్‌ని చేత్తో పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూడండి. లోపలి జాయింట్‌లో కొంచెం ఆట (వదులు) సహజం, లోపలికీ బయటికీ జరగడం దాని పనే. బయటి జాయింట్‌లో మాత్రం ఆట చేతికి తెలియకూడదు. అనుమానంగా ఉంటే రెండో వైపు షాఫ్ట్‌తో పోల్చండి, దాన్ని మించిన కొలత లేదు.

అరిగిందని తెలిసినా నెట్టుకొచ్చే వాళ్లున్నారు. టకటక మొదలైన రోజే ఏమీ విరిగిపోదు, నిజమే, కానీ విరిగితే మాత్రం ఇంజిన్ మోగుతుంది, గేరు పడుతుంది, కారు కదలదు. రెండు చక్రాలకీ బలం పంచే గేర్లు, అంటే డిఫరెన్షియల్, తిరుగుడంతా విరిగిన వైపుకే పంపేస్తాయి. అంతకంటే ప్రమాదం ఏమిటంటే అలాంటి కారుని గేర్‌లో పెట్టి ఏటవాలులో నిలిపినా అది ఆగదు, హ్యాండ్ బ్రేక్ ఒక్కటే దిక్కు. షాఫ్ట్ విప్పేటప్పుడు కూడా ఇదే పరిస్థితి కాబట్టి గుర్తుంచుకోండి.

ఏం కొనాలి? బూటు ఇప్పుడే చిరిగి, చప్పుడు లేకుండా, గ్రీజు శుభ్రంగా ఉంటే బూటు కిట్ చాలు, వందల్లో పోతుంది. బయటి జాయింట్ ఒక్కటే పోతే ఆ జాయింట్ కిట్ విడిగా దొరుకుతుంది. షాఫ్ట్ రెండు చివర్ల జాయింట్ల మీదా అనుమానం ఉంటే, లేదా ఒకసారి విప్పి మళ్లీ ముట్టుకోకూడదనుకుంటే మొత్తం షాఫ్ట్ మార్చడమే నయం, అది వేలల్లో ఉంటుంది. హైదరాబాద్‌లో రాణీగంజ్, పుత్లీబౌలి వైపు, విజయవాడలో అయితే ఆటోనగర్‌లో తిరిగితే కంపెనీదీ, వేరే బ్రాండుదీ, పాత బండి నుంచి తీసిందీ అన్నీ దొరుకుతాయి. పాత బండి షాఫ్ట్ నాకు ఇష్టం లేదు, మీ జాయింట్ కంటే అది ఎంత అరిగిందో విప్పితే తప్ప తెలియదు. రీకండిషన్ చేసింది తీసుకుంటే జాయింట్ వంచి తిప్పి చూడండి, ఎక్కడైనా పట్టినట్టు ఉంటే వదిలెయ్యండి. షాపులో కారు మోడల్, ఏడాది, పెట్రోలా డీజిలా, ఎడమా కుడా, ఏబీఎస్ ఉందా లేదా అన్నీ చెప్పాలి. గేర్‌బాక్స్ ఒక పక్కకి ఉంటుంది కాబట్టి చాలా కార్లలో రెండు షాఫ్ట్‌ల పొడుగూ వేరు. వాటితో పాటు కొత్త హబ్ నట్టు (షాఫ్ట్ చివరని చక్రం నడుమ హబ్‌కి బిగించేది), లోపలి చివర పట్టే సర్‌క్లిప్, గేర్‌బాక్స్ ఆయిల్ సీల్, గేర్ ఆయిల్ తప్పనిసరిగా తెచ్చుకోండి. సీల్ చాలా చవక. దాన్ని మిగుల్చుకుని తర్వాత ఆయిల్ కారుతుంటే మళ్లీ ఇదంతా విప్పాలి.

పనిముట్లలో రాజీ పడకూడనివి రెండు గట్టి జాక్ స్టాండ్లు, టార్క్ రెంచ్. సిమెంటు ఇటుకలు, రాళ్లు పేర్చి కారు నిలబెట్టొద్దు, బోలు ఇటుక చెప్పాపెట్టకుండా పగులుతుంది. కారుతో వచ్చే జాక్ టైరు మార్చడానికే, దాని మీద నమ్మకం పెట్టుకుని కిందికి దూరొద్దు. హబ్ నట్టుకి ఎక్కువగా 30 లేదా 32 మిల్లీమీటర్ల సాకెట్ పడుతుంది, మీ కారుకి ఏదో ముందే కొలిచి తెచ్చుకోండి. పొడుగు టామీ రాడ్డు, దానికి తొడగడానికి ఒక పైపు, ఉలి, సుత్తి, చెక్క ముక్క, పెద్ద లివర్ రాడ్డు, ఆయిల్ పట్టే ట్రే, తుప్పు వదిలించే స్ప్రే. అన్నిటికంటే ముఖ్యం బ్రేకు తొక్కడానికి ఒక మనిషి.

సమతలంగా ఉన్న చోట కారు పెట్టి, హ్యాండ్ బ్రేక్ వేసి, వెనక చక్రాలకి రెండు వైపులా చెక్కలు అడ్డం పెట్టండి. హబ్ నట్టు అంచుని షాఫ్ట్ గాడిలోకి నొక్కి ఉంటే ఆ నొక్కుని ఉలితో పైకి లేపాలి, స్ప్లిట్ పిన్ ఉంటే తీసెయ్యాలి. నొక్కు లేపకుండా టామీ వేసి లాగితే షాఫ్ట్ మర పోతుంది. షాఫ్ట్ ఎలాగూ కొత్తదే కదా అని ధీమా వద్దు, బూటు మార్చే పనైతే అదే షాఫ్ట్ మళ్లీ వెయ్యాలి. స్ప్రే కొట్టి అరగంట వదలండి. ఇప్పుడు చక్రాలు నేల మీదే ఉండగా, సహాయకుడు బ్రేకు గట్టిగా తొక్కితే, పైపు తొడిగిన టామీతో పావు మలుపు వదులు చెయ్యండి, అంతే. ఆ తర్వాత కారుని ఒక్క అడుగు కూడా దొర్లించొద్దు, ఎందుకంటే ఆ నట్టు బిగువే బేరింగ్‌ని కలిపి పట్టుకుంటుంది. చక్రం నట్లు కూడా ఇప్పుడే కొంచెం వదులు చేసి, కారు లేపి, స్టాండ్లు పెట్టి, చక్రం తీసి కారు కింద పడుకోబెట్టండి, ఏదైనా జారినా అది అడ్డం ఉంటుంది.

గేర్ ఆయిల్ వదిలే ముందు నింపే ప్లగ్ ఊడుతుందో లేదో చూడండి. వదిలేశాక నింపే ప్లగ్ పట్టేస్తే కారు అక్కడే ఉండిపోతుంది. అది వదులయ్యాకే కింది డ్రెయిన్ ప్లగ్ తీసి ట్రేలోకి పట్టండి.

చక్రం వైపు విప్పడానికి రెండు దారులు. చాలామంది స్ట్రట్ కింది రెండు బోల్టులు తీసి, హబ్‌ని పట్టి ఉంచే ఉక్కు భాగం, అంటే నకల్‌ని పక్కకి వంచేస్తారు, త్వరగా అవుతుంది, కానీ ఆ బోల్టులు కదిలితే చక్రం నిలువు కోణం మారొచ్చు, తర్వాత అలైన్‌మెంట్ చూపించాల్సిందే. లోయర్ ఆర్మ్ బాల్ జాయింట్‌ని నకల్‌కి పట్టి ఉంచే ఒక్క బోల్టు పూర్తిగా తీసి, ఆర్మ్‌ని లివర్‌తో కిందికి నొక్కి విడదీస్తే ఆ గొడవ ఉండదు. నాకు ఈ రెండోదే నచ్చుతుంది, కాస్త బలం పెట్టాలి, అంతే. బ్రేక్ గొట్టం, ఏబీఎస్ వైరు క్లిప్పులు ముందే ఊడదీయండి, నకల్ పక్కకి జరిగినప్పుడు అవి సాగకూడదు.

హబ్ నట్టుని షాఫ్ట్ చివరతో సమానంగా వచ్చేదాకా తిప్పి ఉంచి, దాని మీద చెక్క ముక్క పెట్టి సుత్తితో కొట్టండి, షాఫ్ట్ లోపలికి కదులుతుంది. ఇక నట్టు తీసేసి నకల్‌ని బయటికి లాగుతూ షాఫ్ట్‌ని హబ్‌లోంచి తప్పించండి. వేలాడనివ్వకండి, చేత్తోనో వైరుతోనో పట్టి ఉంచండి.

అసలు ఇబ్బంది గేర్‌బాక్స్ వైపే. షాఫ్ట్ కడ్డీని పట్టుకుని లాగకండి, లోపలి జాయింట్ విడిపోయి రోలర్లు బూటులోనే ఊడిపోతాయి, జాయింట్ గిన్నె మాత్రం గేర్‌బాక్స్‌లోనే ఉండిపోతుంది. గిన్నెకీ గేర్‌బాక్స్ బాడీకీ మధ్య సందులో లివర్ రాడ్డు పెట్టి, బాడీ మీద గట్టిగా ఉబ్బెత్తుగా ఉన్న గట్టు మీద ఆనించి, రాడ్డుకి ఒక్కసారి చిన్న గట్టి కుదుపు ఇవ్వండి. నెమ్మదిగా నొక్కితే సర్‌క్లిప్ వదలదు. రాడ్డు మొన సీల్ వైపు లోతుగా పోకుండా చూసుకోండి. టప్ మని వదలగానే మిగిలిన ఆయిల్ కొంత కారుతుంది, ట్రే పెట్టి, గిన్నె కింద చెయ్యి ఉంచి తిన్నగా బయటికి తియ్యండి. రెండు వైపులా ఒకేసారి తీసెయ్యకండి, కొన్ని గేర్‌బాక్స్‌లలో లోపలి డిఫరెన్షియల్ పళ్ల చక్రాలు పక్కకి జరిగిపోతాయి, మళ్లీ షాఫ్ట్ ఎక్కదు.

పాతదీ కొత్తదీ పక్కపక్కన నేల మీద పెట్టి చూసుకోండి. పొడుగు, రెండు చివర్లా గాడుల సంఖ్య, నట్టు మర, ఏబీఎస్ పళ్ల రింగు ఉంటే దాని పళ్ల సంఖ్య. ఒక గాడి మీద పెయింట్ చుక్క పెట్టుకుని లెక్కపెడితే తప్పిపోరు. ఒక్కటి తేడా ఉన్నా షాపుకి తిరిగి వెళ్లండి, ఏదో ఒకలా పట్టించే పార్ట్ కాదిది.

పాత సీల్ తీసి, కొత్త సీల్ అంచుకి గేర్ ఆయిల్ రాసి, సీల్ అంత వెడల్పున్న సాకెట్ పెట్టి చుట్టూ సమానంగా మెల్లగా కొడుతూ పాతది ఉన్న లోతుకే దించండి. షాఫ్ట్ చివర కొత్త సర్‌క్లిప్ వేసి, దాని నోరు కిందికి వచ్చేలా తిప్పి పట్టుకుని, గాడులు సీల్ పెదవిని గీరకుండా తిన్నగా తొయ్యండి. గాడులు కలిశాక గిన్నె మీద అరచేత్తో గట్టిగా ఒక తోపు తోస్తే టక్ మని కూర్చుంటుంది. కూర్చుందో లేదో గిన్నెని పట్టుకుని బయటికి లాగి చూడాలి, కడ్డీని కాదు. రాకపోతే సరిగ్గా పడినట్టే.

బూటు కిట్ మాత్రమే వేస్తున్న వాళ్లు ప్యాకెట్‌లో వచ్చిన గ్రీజు మొత్తం వాడండి, సగం జాయింట్‌లోకి నొక్కి మిగతాది బూటులోకి. బయటి జాయింట్‌కి మాలిబ్డినం ఉన్న నల్ల గ్రీజు ఇస్తారు, లోపలి రోలర్ల జాయింట్‌కి ఇచ్చేది వేరు, రెండూ కలపకండి, ఇంట్లో ఉన్న బేరింగ్ గ్రీజు అసలే వద్దు. క్లిప్పు బిగించే ముందు సన్నటి స్క్రూడ్రైవర్‌తో బూటు అంచు కొంచెం ఎత్తి గాలి పోనివ్వండి, లేకపోతే బూటు ఉబ్బో పీక్కుపోయో త్వరగా పగులుతుంది.

తర్వాత షాఫ్ట్‌ని హబ్‌లోకి ఎక్కించి, బాల్ జాయింట్ కాడని నకల్‌లోకి పూర్తిగా దించి, బోల్టు ఆ కాడ మీది గాడిలోంచి వెళ్లేలా వెయ్యండి. కాడ పూర్తిగా దిగకుండా బోల్టు బలవంతంగా కొట్టి ఎక్కిస్తే అది దారిలో ఊడి చక్రం పడిపోతుంది, ఇది ఒకటికి రెండుసార్లు చూసుకోండి. కొత్త హబ్ నట్టు వేసి, సహాయకుడు బ్రేకు తొక్కుతుంటే కారు గాల్లో ఉండగానే బాగా బిగించండి, చక్రం వేసి కిందికి దించాక టార్క్ రెంచ్‌తో చివరి బిగువు ఇవ్వండి. ఆ బిగువు కారుని బట్టి 170 నుంచి 300 న్యూటన్ మీటర్ల దాకా మారుతుంది, మీ మోడల్ సర్వీస్ మాన్యువల్‌లో ఉన్న అంకె తప్ప అందాజాలు వద్దు. "గన్ పెట్టి కొట్టేశాను అన్నా, ఇక కదలదు" అనే మాట నమ్మకండి, తక్కువైనా ఎక్కువైనా పోయేది బేరింగే. బిగించాక నట్టు అంచుని మొద్దు ఉలితో గాడిలోకి నొక్కండి, పిన్ ఉన్నదైతే కొత్త పిన్ వెయ్యండి.

గేర్ ఆయిల్ కారు నాలుగు చక్రాల మీదా సమంగా నిలబడ్డాక పొయ్యాలి, ఒక పక్క లేచి ఉంటే మట్టం తప్పు చూపిస్తుంది. చాలా కార్లకి నింపే కన్నం అంచు దాకా వచ్చి బొట్టు బొట్టుగా కారడం మొదలైతే సరిపోయినట్టు. గ్రేడ్ మాన్యువల్ ప్రకారమే, ఎక్కువగా 75డబ్ల్యూ-80 లేదా 75డబ్ల్యూ-90 ఉంటుంది. మాన్యువల్‌లో జీఎల్-4 అని ఉంటే షాపువాడు జీఎల్-5 ఇంకా మంచిదన్నా తీసుకోకండి, గేర్‌బాక్స్‌లోని ఇత్తడి రింగులకి అది పడకపోవచ్చు.

కదిలే ముందు బ్రేకు రెండు మూడుసార్లు తొక్కి పెడల్ గట్టిగా ఉందో చూడండి. అదే ఖాళీ గ్రౌండ్‌లో అవే గుండ్రాలు తిరగండి, తర్వాత రోడ్డు మీద 80 దాకా వెళ్లి రండి. ఇంటికొచ్చాక సీల్ కింద ఒక అట్టముక్క పరిచి రాత్రంతా వదిలితే, ఆయిల్ కారుతోందో లేదో పొద్దున్నే దాని మీద కనిపిస్తుంది. ఒక 50, 100 కిలోమీటర్లు తిరిగాక చక్రం నట్లు టార్క్ రెంచ్‌తో మళ్లీ చూసి, అదే పనిగా రెండు వైపులా బూట్ల మీదా టార్చ్ వెయ్యండి, ఎందుకంటే ఒక వైపుది చిరిగిందంటే రెండో వైపుది కూడా అదే వయసుది.